చిన్న జెట్టు, పెద్ద జెట్టు

కింద సెల్లారులో ఎవరిదో పాత స్కూటరు రోజూ పొద్దున్నే దగ్గుతుంది. కిక్కు కొట్టగానే అందుకుంటుంది, కాసేపు గుడగుడమంటుంది, ఆగిపోతుంది. మళ్లీ కిక్కు, మళ్లీ గుడగుడ, మళ్లీ ఏమీ ఉండదు. నేను కాఫీ గ్లాసు పట్టుకుని బాల్కనీలో నిలబడి వింటూ ఉంటాను. గుంటూరులో ఈ ఫ్లాటులో ఒక్కదాన్నే ఉంటున్నాను కనక పొద్దునపూట నా చెవిన పడే మొదటి పలకరింపు అదే.

కొన్నాళ్లు ఓపిక పట్టి, మొన్న కిందికి దిగాను. పై అంతస్తులో ఉండే కుర్రాడు చెమటలు కక్కుతున్నాడు.

"యాక్సిలరేటరు పట్టుకునే ఉంటే నడుస్తుందా బాబూ?" అన్నాను.

"నడుస్తదండీ. వదిలితేనే ఆగిపోతంది. మెకానిక్ ప్లగ్గు మార్చాడు, అయినా అంతే."

"ప్లగ్గు కాదు. స్లో జెట్ మూసుకుపోయింది. కార్బురేటరు విప్పి కడిగించు. బెజ్జంలో తీగ మాత్రం పెట్టనీయకు."

అతను నా తెల్లజుట్టు వంకా, చేతిలో గ్లాసు వంకా చూశాడు. "మీకెట్లా తెలుసు ఆంటీ?" అన్నాడు. చిన్నప్పుడు మా అత్తయ్య దగ్గర కారుండేదని మాత్రం చెప్పి మెట్లెక్కి వచ్చేశాను. చెప్పాలంటే ఆ ఏడాదంతా చెప్పాలి. ఆఫీసుకు పోయే పిల్లవాణ్ణి నిలబెట్టి అంత కథ చెప్పలేం కదా.

మా అమ్మ పోయిన ఏడు అది. నాన్న గుంటూరులో ఒక పత్తి మిల్లులో గుమాస్తా. పొద్దున పోతే దీపాలు పెట్టాక వచ్చేవాడు. ఆడపిల్లను ఇంట్లో ఒంటరిగా ఎలా ఉంచాలో తెలియక, కొన్నాళ్లు అంటూ తీసుకెళ్లి మా మేనత్త దగ్గర వదిలాడు. ఆమె నాన్నకు అక్క. పర్చూరు నుంచి చీరాల వెళ్లే దారిలో బస్సు దిగి, నల్లరేగడి బాట పట్టి కొంత దూరం నడిస్తే వాళ్ల ఊరు. నాకప్పుడు రెండు జడలు వేసుకునే వయసు. వెళ్లేటప్పుడు నాన్న నా తల మీద చెయ్యి వేసి ఏదో చెప్పబోయి, బస్సు హారన్ వినపడగానే రోడ్డువైపు పరుగెత్తాడు.

అత్తయ్యకు పిల్లల్లేరు. మావయ్య అంతకు ముందు ఎండాకాలంలోనే పోయాడు. అన్నం తిని చెయ్యి కడుక్కోవడానికి లేచినవాడు లేచినచోటే కూలిపోయాడట. ఆయన పొలం మనిషి కాదు. సేద్యమంతా అన్నగారికి వదిలేసి, ఒక పాత కారు కొని బాడుగకు తిప్పేవాడు. చుట్టుపక్కల ఏ పెళ్లికొడుకు ఊరేగినా, ఏ బాలింత ఆస్పత్రి నుంచి బిడ్డతో ఇంటికొచ్చినా ఆ కారులోనే. ఆయన పోయాక దాన్ని గొడ్లపాకలోకి నెట్టారు. అటు పక్క గేదె, ఇటు పక్క కారు, మధ్యలో పొయ్యిలోకి దాచిన పత్తికట్టె మోపులు.

ఆ ఇంట్లో మాటలుండేవి కావు. అత్తయ్య తిట్టేది కాదు, కసిరేది కాదు. పళ్లెంలో వేడి అన్నం పెట్టి, పండుమిరపకాయ పచ్చడి మీద నెయ్యి వేసి, గోడకు చేరగిలబడి నేను తినేదాకా చూసేది. చాలా అన్నట్టు చూస్తే చాలన్నట్టు తలూపేదాన్ని. పడుకునేటప్పుడు ఆమె అటు తిరిగేది, నేను ఇటు తిరిగేదాన్ని. ఇద్దరికీ పోయినవాళ్లున్నారు. ఎవరి మనిషి గురించి ముందు మాట్లాడాలో తెలియక ఇద్దరం నోరు కట్టేసుకున్నాం.

బయట ఊరు మాత్రం సందడిగా ఉండేది. కళ్లాల్లో మిరపకాయలు ఎర్రగా పరిచి ఉండేవి. గాలి ఇటు తిరిగితే వీధి వీధంతా తుమ్మేది. పొగాకు కాల్చే బ్యారన్ల వైపు నుంచి మగ్గిన తీపి వాసన వచ్చేది. పత్తి తీసి ఇళ్లకు మళ్లే ఆడవాళ్ల తలల్లో తెల్ల పింజలు అంటుకుని, అందరూ ఒక్కసారిగా ముసలివాళ్లయినట్టు కనిపించేవాళ్లు. ఏడాది మధ్యలో ఎవరు చేర్చుకుంటారని నన్ను బడిలో వెయ్యలేదు. నా ఈడు పిల్లలు పలకలు పట్టుకుని పోతుంటే అరుగు మీద కూర్చుని చూసేదాన్ని. వాళ్లు సాయంత్రం తిరిగొచ్చేసరికి వాళ్ల ఆటలు వాళ్లకుండేవి. ఒకసారి వాళ్లతో చేరాలని మిరప కళ్లంలోకి పోయి, ఆ చేత్తోనే కళ్లు నలుపుకుని, గేదె తొట్టిలో తల ముంచాల్సి వచ్చింది. వాళ్లు చాలా రోజులు నవ్వుకున్నారు. ఆ తర్వాత నేను కారులోకి మారిపోయాను.

కారు తలుపు తీస్తే చుట్ట వాసన, రెక్సిన్ వాసన, అగరొత్తి మసి వాసన, వాటన్నిటి కింద పల్చగా పెట్రోలు వాసన వచ్చేవి. అద్దాలు బిగించి తలుపు వేసుకుంటే ఊరి చప్పుడు ఆగిపోయేది. వెనక సీటు మా గుంటూరు ఇల్లు. ముందు సీటు వంటిల్లు. అమ్మ ముందు సీట్లో వంట చేస్తున్నట్టు, నేను వెనక కూర్చుని ఆకలని గోల పెడుతున్నట్టు ఆడుకునేదాన్ని. ఆ ఆట ఎవరికీ తెలియదు.

డ్రైవరు తలుపు పక్కన రబ్బరు బుడ్డి హారన్ ఉండేది. ఒక మధ్యాహ్నం దాన్ని రెండు చేతులతో పట్టుకుని నొక్కాను. ముందు దుమ్ము ఊదింది. రెండోసారి పోంయ్ అని ఊరంతా వినపడేట్టు మోగింది.

అత్తయ్య వంటింట్లోంచి పరుగెత్తుకుంటూ వచ్చింది. చేతుల నిండా అట్లపిండి. పాక గుమ్మంలో ఆగిన ఆమె ముఖంలో ఒక్క క్షణం ఏముందో, దానికి నాకు అప్పుడు పేరు తెలియదు. నన్ను చూడగానే అది పోయింది. కొడుతుందనుకుని సీట్లో ముడుచుకున్నాను. ఆమె పిండి చేతులు చీర కొంగుకు తుడుచుకుని, కారు చుట్టూ తిరిగి అవతలివైపుకు వచ్చి, తలుపు తీసుకుని నా పక్కన కూర్చుంది.

"మీ మావయ్య వీధి మొగలో అట్టాగే కొట్టేవాడు," అంది హారన్ వంక చూస్తూ. "వస్తన్నా, అన్నం వడ్డించు అని."

నాకూ ఏదో చెప్పాలనిపించింది. "మా అమ్మ గిన్నె మీద గరిటెతో కొట్టి పిలిచేది," అన్నాను.

"తెలుసు. చిన్నప్పుడు మీ నాన్నని మేమూ అట్టాగే పిలిచేవాళ్లం. మీ అమ్మకు నేనే చెప్పా."

ఆ రోజు చీకటి పడేదాకా ఇద్దరం ఆ సీటు దిగలేదు. ఆదివారాలు మావయ్య బానెట్ ఎత్తి కార్బురేటరు విప్పేవాడట. పక్కన సొట్ట గిన్నెలో పెట్రోలు పట్టుకుని నిలబడటం అత్తయ్య పని. ఆయన ఒక్కొక్క ఇత్తడి ముక్కా ఆ గిన్నెలో వేస్తూ, ఇదెందుకో అదెందుకో చెబుతూనే ఉండేవాడట. ఊళ్లో ఇంకెవరూ వినేవాళ్లు లేక నాకు చెప్పేవాడు అంటూ ఆయన మాటలే నాకు అప్పజెప్పింది.

"ఇంజను మనలాంటిదే. ఊరికే కూచున్నప్పుడు చుక్క పడితే చాలు. అది చిన్న జెట్టు ఇస్తది. పరిగెత్తాలన్నా మెరక ఎక్కాలన్నా గుక్కెడు కావాల. అది పెద్ద జెట్టు ఇస్తది. జెట్టంటే ఏం లేదే, బెజ్జమున్న ఇత్తడి మేకు. ఆ బెజ్జంలో ఇంత నలక పడితే చాలు, ఇంత కారూ కదలదు."

పెదమావయ్య, అంటే మావయ్య అన్నగారు, కారు కొనేవాళ్లను తీసుకొచ్చింది ఆ తర్వాత కొద్ది రోజులకే. చీమకుర్తి వైపు రాతి క్వారీలో మేస్త్రీలను తిప్పడానికి కారు కావాలని ఒకాయన వచ్చాడు. వెంట ఇద్దరు మనుషులు. పెదమావయ్య పర్చూరులో ఛార్జి చేయించిన బ్యాటరీ పెట్టించాడు. వాళ్లు తెచ్చిన పెట్రోలు పోశారు. సెల్ఫ్ పనిచెయ్యదు కనక ముందు వైపు ఇనప హ్యాండిల్ దూర్చి ఒక మనిషి బలంగా తిప్పాడు. ఇంజను అందుకుంది. మొదట్లో పెట్రోలు ఎక్కువ అందించే చోక్ మీట తోసెయ్యగానే ఆగిపోయింది. మళ్లీ తిప్పారు, మళ్లీ ఆగింది. చొక్కాలు విప్పి వంతులవారీగా తిప్పారు. పాకంతా పొగ.

"ఇంజను పోయిందండీ," అన్నాడు చీమకుర్తి ఆయన చేతులు దులుపుకుంటూ. "మొత్తం విప్పాల్సిందే."

అత్తయ్య వంటింటి గుమ్మంలో నిలబడి ఉంది. ఆమె కొంగు పట్టుకుని నేనున్నాను.  నా భుజం మీద ఆమె వేళ్లు గట్టిగా బిగుసుకున్నాయి.

వాళ్లు వెళ్లాక పెదమావయ్య గుమ్మం దాకా వచ్చాడు. "మిరపకాయల పని అయినాక చీరాల మెకానిక్కుని పిలిపిస్తానమ్మాయ్. అప్పటికీ కాకపోతే పాత ఇనుం కింద తోసేద్దాం. చోటన్నా కలిసొస్తది."

ఆ సాయంత్రం అత్తయ్య పప్పులో ఉప్పు వెయ్యడం మర్చిపోయింది. నేనూ చెప్పలేదు. మంచమెక్కాక పైకి చూస్తూ అంది: "పాత ఇనుమంట. దానికి ఏ రోగమూ లేదు. చిన్న జెట్టులో పెట్రోలు ఎండి జిగురు కట్టింది. అంతే."

"మరి చెప్పలేదేం అత్తయ్యా?"

"చెపితే అప్పుడే తోలుకుపోయేవాళ్లుగా."

మర్నాడు మధ్యాహ్నం ఊరంతా మిరప చేలల్లో ఉంది. వీధిలో కోళ్లు తప్ప ఎవరూ లేరు. అత్తయ్య అటక మీంచి మావయ్య పనిముట్ల సంచి దించింది. సంచి మూతి విప్పి, లోపలికి చూస్తూ కాసేపు అట్లాగే కూర్చుంది. తర్వాత కొంగు నడుముకు చుట్టి బానెట్ ఎత్తింది.

ముందు గాలి డబ్బా తీసింది. దాని నిండా మిరప దుమ్ము, ఎలుకలు లాక్కొచ్చిన పత్తి. తర్వాత కార్బురేటరు పై మూత మరలు ఒక్కొక్కటే విప్పి, ఏది ఎక్కడిదో తెలిసేట్టు ఒక పాత చీరముక్క మీద వరసగా పేర్చింది. మూత ఎత్తితే లోపల చిన్న తొట్టి. అందులో పెట్రోలు మీద తేలే ఇత్తడి బుడ్డి. తొట్టి నిండితే బుడ్డి పైకి లేచి దారి మూస్తుంది, తగ్గితే కిందికి దిగి దారి తెరుస్తుంది. నీళ్ల కుండలో చెంబు తేలినట్టుంది నాకు. తొట్టి అడుగున ఎర్రటి బురద, బెల్లప్పాకం ఎండినట్టు గోధుమరంగు పొర. స్క్రూడ్రైవరుతో మెల్లగా తిప్పి చిన్న జెట్టు బయటికి తీసింది. నా చిటికెన వేలి గోరంత కూడా లేదు.

ఎండలో పట్టుకుని కళ్లు చికిలించి చూసింది. దూరం పెట్టింది, దగ్గర పెట్టింది. "నాకు ఆనదు," అంది. "నువ్వు చూడు. వెలుతురు కనపడతందా?"

ఒక కన్ను మూసి చూశాను. చీకటి. "లేదు."

గిన్నెలో పెట్రోలు పోసి నానబెట్టాం. అది నానేలోపు అత్తయ్య పెద్ద జెట్టు తీసి కడిగింది, తొట్టి తుడిచింది. నేను గూట్లోంచి సన్నటి తీగముక్క వెతికి తెచ్చి, దీంతో పొడుద్దామా అన్నాను. చటుక్కున లాగేసుకుంది. "తీగ పెట్టకూడదే. ఇత్తడి మెత్తన, బెజ్జం పెద్దదవుద్ది. ఇక జన్మలో సరిగా తాగదు. నానాల, ఊదాల, మళ్లా నానాల. తొందరపడితే పాడు చేసుకోడమే అనేవాడు మీ మావయ్య."

జెట్టు తీసి పెదాల మధ్య పెట్టుకుని ఊదింది. పెట్రోలు తగిలి పెదాలు మండి మొహం ముడుచుకుంది, మళ్లీ ఊదింది. నాకిచ్చింది. లేదు. మళ్లీ నానబెట్టింది. ఈసారి సైకిలు పంపుతో గాలి కొట్టి నాకిచ్చింది.

"కనపడతంది అత్తయ్యా."

"గుండ్రంగా ఉందా, ఓరగా ఉందా?"

బెజ్జంలోంచి సూదిమొనంత ఆకాశం. గుండ్రంగా, తెల్లగా. "గుండ్రంగానే ఉంది," అన్నాను. ఆమె నా చేతిలోంచి దాన్ని తీసుకునేటప్పుడు నవ్వింది. ఆ ఇంటికొచ్చాక ఆమె పళ్లు చూడటం నాకదే మొదలు.

అన్నీ బిగించాక నన్ను డ్రైవరు సీట్లో కూర్చోబెట్టి, తాళం తిప్పించి, చోక్ పట్టుకోమంది. తను హ్యాండిల్ పట్టుకుంది. బొటనవేలు హ్యాండిల్ చుట్టూ పెట్టకూడదు, ఇంజను వెనక్కి తంతే విరుగుతుందని మావయ్య చెప్పాడట. ఆమె చేతులు అలాగే పెట్టుకోవడం కిటికీలోంచి తల బయటపెట్టి చూశాను. గాజుల్లేని చేతులు. ఒకసారి తిప్పింది, అందుకోలేదు. ఇంకోసారి తిప్పింది. కారు ఒళ్లంతా ఒక్కసారి వణికి లేచింది. "మెల్లగా తోసెయ్," అని కేకేసింది. చోక్ మెల్లగా తోశాను. కళ్లు గట్టిగా మూసుకున్నాను. ఆగలేదు.

అత్తయ్య ఇంజను మీదికి వంగి, చెవి పెట్టి, ఒక మరను కొద్దిగా అటు, కొద్దిగా ఇటు తిప్పింది. చప్పుడు గరుకు పోయి నున్నగా అయింది. గేదె బెదిరి పలుపు తెంచుకుని వీధిలో పడింది. ఆమె దాన్ని పట్టుకోవడానికి కూడా పోలేదు. పత్తికట్టె మోపు మీద కూర్చుని, మసి చేతులు ఒళ్లో పెట్టుకుని ఆ చప్పుడు వింటూ ఉండిపోయింది.

గేదె పెదమావయ్య కళ్లం దాకా పోయింది కాబట్టి సంగతి దాగలేదు. సాయంత్రం ఆయన వచ్చాడు.

"బాగయిందంటగా. ఎవర్ని పిలిపించావు?"

"ఎవర్నీ లేదు బావగారూ. నేనూ పిల్లా చేసుకున్నాం."

ఆయన నమ్మలేదు. పాకలోకి వెళ్లి చూసి వచ్చి అరుగు మీద కూర్చున్నాడు. "సరే, మంచిదే. చీమకుర్తి ఆయనకి కబురు పెడతా."

"వద్దు బావగారూ. అమ్మను."

"అమ్మక ఏం చేస్తావు? తోలేవాడేడీ?"

"నేను తోలతా."

ఆయన చెడ్డవాడు కాదు. తమ్ముడు పోయిన ఇంటికి ఏ లోటూ రానీయలేదు. కానీ ఆ మాటకు తువ్వాలు తీసి మొహం తుడుచుకున్నాడు. "ఊళ్లో ఏమనుకుంటారో చూసుకున్నావా అమ్మాయ్?"

"ఆయన పోయినప్పుడు అనుకోవాల్సిందంతా అనుకున్నారుగా. ఇంకా మిగిలిందా?"

ఆయన లేచి వెళ్లిపోయాడు. ఆ తర్వాత చాలా రోజులు మా గడప తొక్కలేదు.

ఆ రాత్రి అన్నం దగ్గర అడిగాను. "బాగుచేస్తే తీసుకుపోతారని తెలుసుగా. మరెందుకు చేశావత్తయ్యా?"

ఆమె ముద్ద కలుపుతూ ఆగింది. "చెడిపోయింది గదాని నా దగ్గర పడుంటే, అది నా దగ్గరున్నట్టా?" అంది.

పెళ్లయిన కొత్తలో మావయ్య ఆమెకు కారు నేర్పాడట. అత్తగారు చూసి అన్నం మానేస్తే అక్కడికి ఆపేశారట. ఇప్పుడు పొగాకు కొట్టేసిన చేలో మళ్లీ మొదలుపెట్టింది. ఎండకు నల్లరేగడి నెర్రెలిచ్చి ఉంది. గడ్డల మీద కారు ఎగురుతుంటే నా తల కప్పుకు తగిలేది. గొర్రెల కాపర్లు కర్రల మీద గడ్డాలు ఆనించి చూసేవాళ్లు. అత్తయ్య ఎవరి వంకా చూసేది కాదు. ఎదురుగా పొలం గట్టు మీద చూపు నిలిపి, పెదవి కొరుక్కుంటూ తోలేది. ఆగిపోయినప్పుడల్లా దిగి, బొటనవేలు లోపలికి మడిచి, హ్యాండిల్ తిప్పేది.

దారి తెరిచింది పెద్దత్తయ్య, అంటే పెదమావయ్య భార్య. లావుపాటి మనిషి. మాట్లాడితే మూడు వీధులకు వినపడేది. ఒకరోజు పొద్దున్నే మంచి చీరతో, చేతిలో సంచితో వచ్చి నిలబడింది.

"ఏమే, నువ్వు తోలేది నిజమేనా?"

"నిజమే అక్కా."

"నాకు సూదిలో దారమెక్కక ఏడాదయింది. చీరాలలో కళ్ల డాక్టరున్నాడంట. బస్సులో నిలబడలేను. పద."

"బావగారు ఏమంటారో..."

"ఆయన ఎక్కడికన్నా నన్నడిగి పోయాడా ఏనాడన్నా?" అంటూ వెనక తలుపు తీసుకుని కూర్చుంది. కారు ఒక పక్కకు ఒరిగింది.

ఊళ్లోంచి వెళ్తుంటే అరుగుల మీద మగవాళ్లు లేచి నిలబడ్డారు. పెద్దత్తయ్య అద్దంలోంచి చెయ్యి బయటపెట్టి, "ఏరా, నా మొహాన కోతులాడతన్నాయా?" అంటే మళ్లీ కూర్చున్నారు. ఆ రోజు డాక్టరు అత్తయ్యను కూడా చూసి ఇద్దరికీ కళ్లద్దాలు రాశాడు. అవి తెచ్చుకోవడానికి మరోసారి వెళ్లాం. ఆ సారి వేటపాలెం మీదుగా తిరిగొస్తూ కాల్చిన జీడిపప్పు కొనిపెట్టారు. అప్పటికి ఊరు మాట్లాడటం మానేసింది. పురుళ్లకూ జ్వరాలకూ అత్తయ్యను పిలవడం మొదలుపెట్టింది.

కళ్లద్దాలు వచ్చిన సాయంత్రం అత్తయ్య ఇల్లంతా కొత్తగా చూసుకుంటూ తిరిగింది. బియ్యంలో రాళ్లు చూసింది, గోడ మీద చీమలు చూసింది, నా చెవి వెనక పుట్టుమచ్చ చూసి ఇది మీ అమ్మదే అంది. నాకు మాత్రం దిగులేసింది. ఇక జెట్టులో వెలుతురు చూడటానికి నాతో పనిలేదు. ఆ ఆదివారం ఆమె బానెట్ ఎత్తినప్పుడు దగ్గరికి పోలేదు. పిలుస్తుందేమోనని చూశాను. జెట్లు ఒక్కతే కడుక్కుని, ఒక్కతే చూసుకుని, బిగించేసింది. ఆమెకు తెలియదు, నేను అరుగు మీద వెతుక్కుంటూ కూర్చున్నానని, ఈ ఇంట్లో నేనింకా దేనికి పనికొస్తానా అని.

మామిడికాయలు టెంక పట్టే రోజుల్లో నాన్న వచ్చాడు. కొత్త తెల్లచొక్కా, నున్నగా దువ్విన తల. నాకు బిస్కెట్లు ఇచ్చి బయట ఆడుకోమన్నాడు. నేను కారులో కూర్చున్నాను. పాకకూ వంటింటికీ మధ్య తడిక ఒకటే అడ్డం.

"ఇంట్లోకి మనిషి వచ్చిందక్కా," అన్నాడు నాన్న. "గుళ్లోనే కానిచ్చేశాం. మంచిదే. పిల్లను బడిలో వేద్దామంటంది."

 గిన్నెలు సర్దిన చప్పుడు. "పిల్లకి రాత్రిపూట దుప్పటి తన్నేసే అలవాటుంది," అంది అత్తయ్య. "మీ ఇంటామెకి చెప్పు."

మర్నాడు నా తలకు నూనె పెట్టి, జడలు గట్టిగా వేసింది. ఎప్పుడూ అంత గట్టిగా వెయ్యలేదు. చీరాల స్టేషన్‌లో దింపుతానంది. నాన్న, "నువ్వా?" అన్నాడు. సంచి ఒళ్లో పెట్టుకుని వెనక సీట్లో బిర్రబిగుసుకుని కూర్చున్నాడు. నేను ముందు అత్తయ్య పక్కన కూర్చున్నాను.  మిరప తోటలు పీకేసిన చేలు బోసిగా ఉన్నాయి. గట్ల మీద ఎండిన మొక్కలు తగలబెడుతున్నారు.

చీరాలకు ముందు కాలువ వంతెన. మెరక ఎక్కుతుండగా కారు దగ్గింది. అత్తయ్య పెడల్ నొక్కితే ఇంకా దగ్గింది. బలం చాలక వెనక్కి జారబోతే పక్కకు తీసి ఆపింది. వదిలేస్తే ఇంజను నున్నగానే తిరుగుతోంది, తొక్కితేనే ఊపిరాడటం లేదు. మేమిద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం.

"పెద్దది," అన్నాను.

"పెద్దదే," అంది.

నాన్న సంచి పట్టుకుని దిగి, స్టేషన్ వైపు చూస్తూ నిలబడ్డాడు. "బండి టైమవుతోందక్కా. ఎవరన్నా మెకానిక్కుని..."

"కాసేపు నీడన నిలబడరా," అంది అత్తయ్య.

మూత విప్పింది. తొట్టిలోంచి పెద్ద జెట్టు తీసింది. పెట్రోలులో ముంచి ఊదింది. నేను చీరముక్క పట్టుకుని మరలు వరసగా పేర్చాను. ఆమె కళ్లకు కొత్త కళ్లద్దాలున్నాయి. సూర్యుడు నెత్తి మీదున్నాడు. కళ్లు లేనివాళ్లకు తప్ప అందరికీ కనపడేంత వెలుతురు. ఆమె జెట్టు పైకెత్తబోయి ఆగింది. నా చేతిలో పెట్టింది.

"నువ్వు చూడు," అంది. "వెలుతురుందా?"

ఒక కన్ను మూసి చూశాను. బెజ్జంలో ఒక ఓర తుప్పు పెచ్చు అంటుకుని ఉంది. అది పోకపోతే కారు వంతెన ఎక్కదు. వంతెన ఎక్కకపోతే రైలు పోతుంది. రైలు పోతే ఇంకో రోజు ఇక్కడే. గుండ్రంగా ఉందని ఒక్క మాటంటే చాలు. ఆ లెక్క ఆమెకూ తెలుసని నాకు అనిపించింది. ఆమె నా వైపు చూడటం లేదు, కాలువ నీళ్ల వైపు చూస్తోంది.

"ఓరగా ఉంది," అన్నాను. "ఇంకోసారి ఊదు."

ఊదింది. మళ్లీ చూశాను. "ఇప్పుడు గుండ్రంగా ఉంది."

"ఉందా?"

"ఉందత్తయ్యా."

ఆమె తల ఊపి జెట్టు తీసుకుంది. బిగించింది. హ్యాండిల్ తిప్పింది. కారు వంతెన ఎక్కి అవతలికి దిగింది. మేం స్టేషన్‌కు చేరేసరికి రైలు ఇంకా రాలేదు కూడా. రైలు వచ్చాక ఆమె కిటికీ దగ్గరికొచ్చి నా చేతికంటిన మసి తన కొంగుతో తుడిచింది. మేమిద్దరం నేర్చుకున్న మాటలన్నీ మళ్లీ ఎక్కడికో పోయాయి.

గుంటూరులో మా పిన్ని మంచిదే. నేనే ఆమెకు దగ్గర కాలేకపోయాను. బడి, చదువు, ఉద్యోగం, ఎవరి ఇంట్లో ఉన్నా నాది కాదన్నట్టు ఉండటం అలవాటైంది. అత్తయ్య చాలా ఏళ్లు ఆ కారు నడిపింది, లైసెన్సు కూడా తెచ్చుకుంది. ఎండాకాలం సెలవులకు పంపమని కబురు పెట్టేదట. ఏవో కారణాలతో నాన్న పంపలేదు. ఇప్పుడు ఆమె లేదు. కారు ఆమె కంటే ముందే ఎవరి చేతికో పోయింది.

ఆమెను చివరిసారి చూసింది చుట్టాల పెళ్లిలో. అప్పటికి బాగా పెద్దదైపోయింది, నాకూ జుట్టు నెరుస్తోంది. పందిట్లో గోల భరించలేక ఇద్దరం వెనక వసారాలో చాప మీద కూర్చున్నాం. ఎన్నాళ్లుగానో అడగాలనుకున్నది అప్పుడు అడిగాను.

"ఆ రోజు స్టేషన్ నుంచి ఒక్కదానివే ఎట్లా వెళ్లావత్తయ్యా?"

"ఎట్లా పోతా? కారులోనే పోయా," అంది. తర్వాత చాపలోంచి ఊడిన ఈనె ఒకటి లాగుతూ మళ్లీ మొదలుపెట్టింది. "వంతెన దాటిందాకా బాగానే ఉన్నా. ఆ పైన కళ్లద్దాలు తడిసి దోవ కనపళ్లా. చింతచెట్టు కింద పక్కకి తీశా. ఇంజను ఆపలా. ఆపితే మళ్లా దిగి హ్యాండిల్ తిప్పాలి, ఆ ఓపిక లేదు. అది అట్టా తిరగతా ఉంది, నేను అట్టా ఏడుస్తా కూచున్నా. ఎంతసేపో తెలవదు. పొద్దు వాలింది. అంతసేపూ ఒక్కసారి ఆగలేదే అది. అంత శుభ్రంగా చేశాం మనం."

నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను. ఆమె పట్టుకోనిచ్చింది. లోపల పంక్తి వేశారని ఎవరో కేకేశారు.

"లే," అంది మోకాళ్లు పట్టుకుని లేస్తూ. "పప్పు చల్లారిపోద్ది."